అంగెలికీ పపూలియా నట ప్రస్థానం: తరచుగా అడిగే ప్రశ్నలు

గ్రీకు సినిమాల గురించి తెలుగులో రాయడం మొదలుపెట్టిన నాటి నుంచి పాఠకులు నన్ను ఎక్కువగా అడుగుతున్నది ఒకే నటి గురించి. ‘డాగ్‌టూత్’లో ఆ పెద్దమ్మాయిగా నటించినదెవరు, ఆ తర్వాత ఆమె ఏమైంది, ఆ నటనను ఎలా అర్థం చేసుకోవాలి అనే సందేహాలు కొద్ది మాటల తేడాతో మళ్లీ మళ్లీ వస్తున్నాయి కాబట్టి జవాబులన్నీ ఒకచోట చేర్చాను. ఏ ప్రశ్నకు ఆ ప్రశ్న విడిగా చదువుకోవచ్చు. కొన్ని చోట్ల కథలోని మలుపులు చెప్పక తప్పలేదు.

## పరిచయం

అంగెలికీ పపూలియా ఎవరు? నేనెప్పుడూ ఆ పేరు వినలేదు.

ఆమె 1975లో ఏథెన్స్‌లో పుట్టిన గ్రీకు నటి, నాటక దర్శకురాలు. యోర్గోస్ లాంతిమోస్ తీసిన ‘డాగ్‌టూత్’ (2009), ‘ఆల్ప్స్’ (2011), ‘ద లాబ్‌స్టర్’ (2015) చిత్రాల ద్వారా ప్రపంచానికి తెలిశారు. సిలాస్ జుమెర్కాస్ తీసిన ‘ఎ బ్లాస్ట్’ (2014), ‘ద మిరకిల్ ఆఫ్ ద సర్గాస్సో సీ’ (2019) చిత్రాల్లో కథ మొత్తాన్ని తన భుజాల మీద మోశారు. నా దృష్టిలో ఆమె అసలు స్థాయి తెలిసేది ఈ రెండో జాబితాలోనే. ఒకే స్నేహబృందంతో ఇరవై ఏళ్లుగా కలిసి పని చేస్తూ, ఆ బృందం వల్ల ఎదుగుతూ, ఆ బృందాన్ని ఎదగనిస్తూ వచ్చిన నటి ఆమె.

ఆమె పేరు ఎలా పలకాలి?

‘అంగెలికీ’ అన్నప్పుడు ఊనిక చివరి ‘కీ’ మీద, ‘పపూలియా’ అన్నప్పుడు నడుమ ఉన్న ‘పూ’ మీద పడుతుంది. ఇంగ్లీషు అక్షరాలను చూసి ‘ఏంజెలికి’ అని పలికేవారు ఉన్నారు కానీ, గ్రీకులో అక్కడ ‘జ’కార ధ్వని లేదు.

ఈమె, అరియాన్ లబెద్ ఒకరేనా? నాకు ఇద్దరూ కలిసిపోతున్నారు.

ఇద్దరూ వేరు. లబెద్ ఏథెన్స్‌లో ఫ్రెంచ్ తల్లిదండ్రులకు పుట్టిన నటి. ఆమె ‘అట్టెన్‌బర్గ్’ చిత్రానికి 2010లో వెనిస్ చిత్రోత్సవంలో ఉత్తమ నటి పురస్కారం అందుకున్నారు, లాంతిమోస్‌ను వివాహం చేసుకున్నదీ ఆమే. ఇద్దరూ కలిసి నటించిన సినిమాలు ఉన్నందువల్ల ఈ పొరపాటు సహజం. ‘ఆల్ప్స్’లో నర్సు పపూలియా, జిమ్నాస్ట్ లబెద్. ‘ద లాబ్‌స్టర్’లో దయ అనేదే లేని స్త్రీ పపూలియా, హోటల్ పనిమనిషి లబెద్.

గ్రీసులో ఇండిపెండెంట్ సినిమా అంటే ఏమిటి? మన దగ్గరి చిన్న సినిమా లాంటిదేనా?

పూర్తిగా అలాంటిది కాదు. మన దగ్గర చిన్న సినిమా కూడా థియేటర్లో టికెట్లు తెగి డబ్బు వెనక్కి రావాలనే లెక్కతోనే మొదలవుతుంది. కోటి పైచిలుకు జనాభా ఉన్న గ్రీసులో ఆ లెక్క పొసగదు, అందువల్ల దర్శకులు గ్రీకు ఫిల్మ్ సెంటర్, ప్రభుత్వ ప్రసార సంస్థ ఇ.ఆర్.టి. ఇచ్చే నిధులతో పాటు ఇతర ఐరోపా దేశాల నిర్మాతల వాటాలను కూడగట్టుకుంటారు. ‘ద మిరకిల్ ఆఫ్ ద సర్గాస్సో సీ’లో గ్రీసుతో పాటు జర్మనీ, నెదర్లాండ్స్, స్వీడన్ దేశాల భాగస్వామ్యం ఉంది. ఇంత చేసినా బడ్జెట్ చిన్నదే. ‘డాగ్‌టూత్’ ఖర్చు సుమారు 2,50,000 యూరోలని చెబుతారు. ఇలాంటి వ్యవస్థలో సినిమా భవిష్యత్తును నిర్ణయించేది తొలివారం వసూళ్లు కావు, కాన్, వెనిస్, బెర్లిన్, లొకార్నో వంటి ఉత్సవాల్లో దొరికే చోటు. నటి పేరు దేశం దాటేది కూడా ఆ దారినే.

## నాటకరంగంలో

సినిమాల్లో పేరు రాకముందు ఆమె ఏం చేసేవారు?

నాటకాలు వేసేవారు, పేరు వచ్చిన తర్వాత కూడా మానలేదు. క్రిస్తోస్ పసాలిస్, యోర్గోస్ వాలైస్ అనే ఇద్దరు మిత్రులతో కలిసి ఆమె 2004లో ఏథెన్స్‌లో ‘బ్లిట్జ్’ అనే నాటక బృందాన్ని స్థాపించారు. అప్పటికి ‘డాగ్‌టూత్’కు ఇంకా అయిదేళ్లు ఉంది. అంటే లాంతిమోస్ తన సినిమాలోకి తీసుకున్నది కొత్త ముఖాన్ని కాదు, సొంతంగా రంగస్థల భాషను తయారు చేసుకుంటున్న కళాకారిణిని. అదే సినిమాలో కొడుకుగా నటించినవాడు పసాలిస్. తెర మీద తోబుట్టువులుగా కనిపించే ఆ ఇద్దరికీ అప్పటికే ఒకే రిహార్సల్ గదిలో ఏళ్ల తరబడి మెలిగిన చనువు ఉంది. ఒకరి కదలికకు మరొకరు చూడకుండానే స్పందించే ఆ అలవాటు సినిమాలో స్పష్టంగా కనబడుతుంది.

‘బ్లిట్జ్’ బృందంలో ఆమె నటి మాత్రమేనా?

కాదు. ఆ బృందంలో దర్శకుడు ఒకరు, రచయిత ఒకరు, నటులు వేరొకరు అనే విభజన ఉండదు. ఆలోచన పుట్టిన క్షణం నుంచి రచన, దర్శకత్వం, నటన వరకు ముగ్గురూ సమాన హక్కుతో పని చేయాలన్నది వారు పెట్టుకున్న నియమం. సిద్ధంగా ఉన్న నాటకాన్ని తీసుకుని ప్రదర్శించడం కంటే, ఒక ప్రశ్నను ముందు పెట్టుకుని దాని చుట్టూ రిహార్సల్ గదిలోనే నాటకాన్ని అల్లుకోవడం వారి పద్ధతి.

‘లేట్ నైట్’ అనే నాటకం గురించి ఎక్కువగా వింటున్నాను. అందులో ఏముంది?

2012లో ఏథెన్స్‌లోని ఒనాసిస్ సాంస్కృతిక కేంద్రంలో మొదలై ఐరోపాలోని పలు నగరాలకు వెళ్లిన ప్రదర్శన అది. శిథిలమైన ఒక నాట్యశాలలో ఆరుగురు మనుషులు జంటలుగా వాల్ట్జ్ నృత్యం చేస్తూ ఉంటారు. నృత్యం మధ్యలో ఒక్కొక్కరు మైకు దగ్గరకు వచ్చి, ధ్వంసమైపోయిన ఐరోపాలో తాము దాటివచ్చిన ఊళ్లను, పోగొట్టుకున్న ప్రేమలను తలుచుకుంటారు, మళ్లీ వెళ్లి నృత్యంలో కలుస్తారు. కథ అంటూ విడిగా ఏమీ ఉండదు. గ్రీసు అప్పుల ఊబిలో కూరుకుపోయిన ఆ రోజుల్లో, అలసిపోయిన కాళ్లతో ఆగకుండా తిరిగే ఆ జంటలను చూసిన ప్రేక్షకులకు వేరే వివరణ అవసరం కాలేదు.

నాటకానుభవం ఆమె సినిమా నటనలో ఎక్కడ కనిపిస్తుంది?

శరీరంలో. సాధారణంగా తెర మీద భావం మొదట కళ్లలో పుట్టి తర్వాత మాటలోకి వస్తుందని మనం అనుకుంటాం. పపూలియా విషయంలో అది మెడలో, భుజాల్లో, నడిచే వేగంలో మొదలవుతుంది. ‘ఆల్ప్స్’లో నర్సుగా ఆస్పత్రి వరండాలో నడిచే నడక ఒకటి, మరొకరి ఇంట్లో చనిపోయిన కూతురి స్థానంలో మసలేటప్పటి నడక ఇంకొకటి. రెండో నడకలో అడుగులు కాస్త చిన్నవవుతాయి, తప్పు చేస్తానేమో అన్న బెరుకు మోకాళ్లలో తెలుస్తుంది. ముఖం మాత్రం రెండు చోట్లా దాదాపు ఒకేలా ఉంటుంది.

## లాంతిమోస్ చిత్రాలు

‘డాగ్‌టూత్’లో ఆమె పాత్ర ఏమిటి?

ఎత్తయిన ప్రహరీ వెనుక, బయటి ప్రపంచం తెలియకుండా తల్లిదండ్రులు పెంచిన ముగ్గురు పిల్లల్లో పెద్ద కూతురు ఆమె. పిల్లలు అంటే వయసు వచ్చినవాళ్లే, కానీ వారికి పేర్లు కూడా లేవు. బయటి లోకాన్ని గుర్తు చేసే మాటలకు తల్లిదండ్రులు తప్పుడు అర్థాలు నేర్పుతారు: ‘సముద్రం’ అంటే చెక్క చేతులున్న తోలు కుర్చీ, ‘జాంబీ’ అంటే చిన్న పసుపు పువ్వు. కోరపన్ను ఊడినప్పుడే ఇల్లు దాటడానికి అర్హత వస్తుందన్నది ఆ ఇంటి చట్టం. పెద్ద కూతురి చేతికి దొంగతనంగా కొన్ని వీడియో క్యాసెట్లు చిక్కడంతో కథ మలుపు తిరుగుతుంది. ఆమె వాటిలోని సంభాషణలను కంఠతా పట్టి, తనకు తాను ‘బ్రూస్’ అని పేరు పెట్టుకుంటుంది. పేరు లేని మనిషి తన పేరును చెల్లెలితో పలికించుకునే ఆ చిన్న సన్నివేశంలో పపూలియా గొంతు సినిమాలో తొలిసారి కొద్దిగా వణుకుతుంది.

ఆ డాన్సు సీను గురించి అందరూ ఎందుకంత చెప్పుకుంటారు?

ఆమె నట జీవితంలో నాలుగు నిమిషాలు మాత్రమే చూపించమని ఎవరైనా అడిగితే నేను చూపించేది అదే, అందుకని కాస్త వివరంగా చెబుతాను. తల్లిదండ్రుల పెళ్లిరోజు. కొడుకు గిటారు వాయిస్తుంటే ఇద్దరు కూతుళ్లు నేర్పిన అడుగులు వేస్తుంటారు. కాసేపటికి చెల్లెలు అలసిపోయి కూర్చుంటుంది. అక్క మాత్రం ఆగదు. దొంగచాటుగా చూసిన సినిమాలోని నృత్యాన్ని, ‘ఫ్లాష్‌డాన్స్’లోని అడుగులను, గుర్తున్నంత వరకు శరీరంలోంచి బయటికి తీయడం మొదలుపెడుతుంది. గిటారు తాళానికీ ఆ అడుగులకూ పొంతన ఉండదు. తల వేగంగా ఊగుతుంది, చేతులు ఒక్కోసారి ఆలస్యంగా వస్తాయి, మోకాళ్లు గట్టిగా నేలను కొడతాయి. చూడటానికి ఇబ్బందిగా ఉంటుంది, ఒక దశలో నవ్వు కూడా వస్తుంది, ఆ నవ్వు మధ్యలోనే గొంతులో ఏదో అడ్డుపడుతుంది.

ఇక్కడ నటి చేసిన కష్టమైన పని ఏమిటంటే, నృత్యం రాని మనిషిలా నటించకపోవడం. పెద్ద కూతురు తాను గొప్పగా చేస్తున్నాననే నమ్ముతోంది, ఎవరికీ చెప్పుకోలేని రహస్యం మొత్తాన్ని అందరి ముందూ ఆడేస్తోంది. పపూలియా ఆ నమ్మకాన్ని ఒక్క క్షణం కూడా వదలదు. తల్లి ఆపమన్నాక ఆగిపోయి, కేకు మీద పడి తింటుంది. అదే రాత్రి స్నానాలగదిలో అద్దం ముందు నిలబడి, డంబెల్‌తో తన కోరపన్నును తానే పగులగొట్టుకుని, రక్తం కారుతున్న నోటితో వెళ్లి కారు డిక్కీలో దాక్కుంటుంది. డాన్సు చూడకుండా ఆ పన్ను సన్నివేశం ఒక్కటే చూస్తే హింస మాత్రమే కనిపిస్తుంది. రెండూ వరుసగా చూసినప్పుడు అది ఒకే నిర్ణయానికి రెండు సగాలని తెలుస్తుంది.

ముఖంలో ఏ భావమూ లేకుండా పాఠం అప్పజెప్పినట్టు మాట్లాడతారేమిటి? అది నటన రాకపోవడం కాదా?

కాదు, అది దర్శకుడు కోరి తెచ్చుకున్న పద్ధతి. లాంతిమోస్ తన నటులకు పాత్ర గతాన్ని, మనస్తత్వాన్ని విడమరచి చెప్పడు. రిహార్సల్స్‌లో ఆటలు, శరీర వ్యాయామాలు చేయించి, మాటకు అర్థం ముందే అంటగట్టకుండా పలికిస్తాడు. ఎఫ్తిమిస్ ఫిలిప్పూ రాసిన సంభాషణల్లో వాక్యాలు సాదాగా, పొడిగా ఉంటాయి కాబట్టి ఆ ఉచ్చారణ వాటికి నప్పుతుంది. భావాలను పొంగించి చూపే నటనకు అలవాటుపడిన మన కంటికి మొదటి అరగంట ఇది లోపంగానే తోస్తుంది. కానీ ఆ ఇంట్లో పెరిగిన పిల్లకు కోపాన్ని ఎలా చూపాలో నేర్పిన వారెవరు? భావం ఉంది, దాన్ని బయటపెట్టే భాష లేదు. ఆ రెండింటి నడుమ ఉన్న ఖాళీని ఏకాగ్రతతో పట్టి ఉంచడం చాలా కష్టమైన నటన అని నా నమ్మకం.

ఆ సినిమాకు ఆమెకు అవార్డు వచ్చిందా?

వచ్చింది. 2009 సరయెవో చిత్రోత్సవంలో ఉత్తమ నటి పురస్కారాన్ని చెల్లెలిగా నటించిన మేరీ త్సోనితో కలిసి అందుకున్నారు. సినిమాకు అదే ఏడాది కాన్ చిత్రోత్సవంలో ‘అన్ సర్టెన్ రిగార్డ్’ విభాగపు ప్రధాన బహుమతి దక్కింది. 2011లో ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది. గ్రీసుకు ఆ విభాగంలో అది అయిదో నామినేషన్, 1977 నాటి ‘ఇఫిజీనియా’ తర్వాత మొదటిది. బహుమతి డెన్మార్క్ చిత్రానికి వెళ్లింది. పురస్కారాన్ని ఇద్దరికీ కలిపి ఇచ్చిన సరయెవో న్యాయనిర్ణేతల నిర్ణయం నాకు ఎంతో సబబుగా అనిపిస్తుంది, ఎందుకంటే అక్క తిరుగుబాటు ఎంత పెద్దదో మనకు తెలిసేది చెల్లెలి భయం పక్కన పెట్టి చూసినప్పుడే. త్సోని 2017లో చిన్న వయసులోనే కన్నుమూశారు.

‘ఆల్ప్స్’ కథేమిటి? అందులో ఆమెది ప్రధాన పాత్రేనా?

అవును. ఆత్మీయులను పోగొట్టుకున్న కుటుంబాల కోసం, డబ్బు తీసుకుని, చనిపోయిన మనిషి స్థానంలో కొంతకాలం మసలే ఒక రహస్య బృందం కథ అది. ఆల్ప్స్ ఏ పర్వతం స్థానంలోనైనా నిలబడగలవు, ఆల్ప్స్ స్థానంలో మాత్రం మరే పర్వతమూ నిలబడలేదని నాయకుడు ఆ పేరు పెడతాడు. బృందంలో పపూలియా పోషించిన నర్సు పేరు మోంటె రోజా. టెన్నిస్ ఆడే ఒక అమ్మాయి ప్రమాదంలో చనిపోతే, నర్సు బృందానికి చెప్పకుండా సొంతంగా ఆ అమ్మాయి ఇంట్లో కూతురి స్థానం తీసుకుంటుంది. క్రమంగా ఆ అరువు జీవితాన్ని వదల్లేకపోతుంది. పొమ్మన్న ఇంట్లోకి ఆమె బలవంతంగా చొరబడే చివరి ఘట్టాన్ని చూస్తే, మరొకరి పాత్రలోంచి బయటికి రాలేని నటుల బాధ తెలుస్తుంది. ఈ చిత్రానికి 2011 వెనిస్ ఉత్సవంలో ఉత్తమ స్క్రీన్‌ప్లే బహుమతి లభించింది. ‘డాగ్‌టూత్’ నీడలో దీనికి దక్కవలసినంత పేరు దక్కలేదు.

‘ద లాబ్‌స్టర్’లో ఆమె ఎక్కడ కనిపిస్తారు? నాకు గుర్తులేదు.

జంట దొరకని వారిని జంతువులుగా మార్చే హోటల్లో, అడవిలో ఒంటరివాళ్లను వేటాడి గడువు పెంచుకోవడంలో అందరినీ మించిన స్త్రీ ఆమె. పాత్రకు పేరు లేదు, ‘దయలేని స్త్రీ’ అనే పిలుపు మాత్రమే ఉంది. వేడినీటి తొట్టెలో కూర్చుని, గొంతులో ఆలివ్ కాయ అడ్డుపడినట్టు ఆమె గిలగిల్లాడుతుంది. పక్కనే ఉన్న కాలిన్ ఫారెల్ కదలకుండా కూర్చుంటాడు. వెంటనే ఆమె మామూలుగా మారిపోయి, మనిద్దరికీ సరిపోతుందని ప్రశాంతంగా తేల్చి చెబుతుంది. అతడు దయలేనివాడిలా నటిస్తున్నాడన్న అనుమానంతో, కుక్కగా మారిన అతడి అన్నను ఒక ఉదయం చంపేస్తుంది కూడా. కనిపించేది కాసేపే అయినా, సినిమా దిశను మార్చేసే పాత్ర. ఐర్లండ్‌లో ఇంగ్లీషులో తీసిన ఈ చిత్రానికి 2015 కాన్ ఉత్సవంలో జ్యూరీ బహుమతి వచ్చింది.

తర్వాతి లాంతిమోస్ సినిమాల్లో ఆమె ఎందుకు లేరు? ఏమైనా గొడవా?

గొడవ అనుకోవడానికి ఆధారమేమీ లేదు. ‘ద లాబ్‌స్టర్’ నుంచి ఆయన ఇంగ్లీషు భాషలో, పెద్ద తారలతో, పెద్ద నిర్మాణ సంస్థలతో పని చేస్తూ వచ్చారు. ఆ నిర్మాణాల్లో పాత్రలను నిర్ణయించే లెక్కలు వేరు. పపూలియా ఏథెన్స్ నాటకరంగంలోనూ గ్రీకు సినిమాలోనూ ఉండిపోయారు. ఆమె ఫిల్మోగ్రఫీని వరుసగా చూసినవారికి ఇది నష్టంగా తోచదు. ఆమె అత్యుత్తమ పాత్రల్లో సగం ఆ తర్వాత వచ్చినవే.

## సంక్షోభ కాలం, జుమెర్కాస్ చిత్రాలు

‘గ్రీక్ వియర్డ్ వేవ్’ అంటే ఏమిటి? ఈమె ఆ ఉద్యమానికి చెందినవారేనా?

2011లో బ్రిటన్ పత్రిక ‘గార్డియన్’లో వచ్చిన ఒక వ్యాసం ద్వారా ప్రచారంలోకి వచ్చిన పేరు అది. ‘డాగ్‌టూత్’, ‘అట్టెన్‌బర్గ్’ వంటి చిత్రాల వింతదనాన్ని చూసి బయటివాళ్లు అంటించిన చీటీయే తప్ప, దర్శకులు కూడబలుక్కుని ప్రకటించిన ఉద్యమం కాదు. నిజంగా సంఘటితంగా జరిగింది వేరే ఉంది: 2009లో పలువురు గ్రీకు సినీ కళాకారులు ప్రభుత్వ సినిమా పురస్కారాల విధానాన్ని నిరసిస్తూ థెస్సలొనీకి చిత్రోత్సవాన్ని బహిష్కరించారు. ఆ కదలిక నుంచే హెలెనిక్ ఫిల్మ్ అకాడమీ పుట్టింది, 2010లో కొత్త సినిమా చట్టం వచ్చింది. పపూలియాను ఆ ‘వింత’ చీటీ కిందికి నెట్టడం నాకు సమ్మతం కాదు. ‘ఎ బ్లాస్ట్’లో ఆమె నటన అరుపులతో, చెమటతో, కన్నీళ్లతో నిండి ఉంటుంది. అక్కడ వింతగా పొడిబారిన గొంతు ఎక్కడా వినిపించదు.

గ్రీసు ఆర్థిక సంక్షోభం వల్లనే ఈ సినిమాలు వచ్చాయంటారు. నిజమేనా?

సగం నిజం. ‘డాగ్‌టూత్’ 2009 మే నెలలో కాన్‌లో ప్రదర్శితమైంది, గ్రీసు తొలి రుణ ప్యాకేజీ తీసుకున్నది 2010 మే నెలలో. కాబట్టి ఆ సినిమాను సంక్షోభ చిత్రమనడం తేదీల ప్రకారం కుదరదు. కానీ సంక్షోభం వచ్చాక సినిమా తీసే పరిస్థితులు దారుణంగా మారాయి. సినిమాలకు పెట్టుబడి పెట్టే ఇ.ఆర్.టి.ని ప్రభుత్వం 2013 జూన్‌లో రాత్రికి రాత్రే మూసివేసింది, అది మళ్లీ తెరుచుకున్నది 2015లో. ఆ మధ్యకాలంలో తయారైన ‘ఎ బ్లాస్ట్’ మాత్రం సంక్షోభాన్ని నేరుగా కథలోకి తెచ్చుకున్న చిత్రం.

‘ఎ బ్లాస్ట్’ చూడాలా? అందులో ఆమె ప్రత్యేకత ఏమిటి?

తప్పక చూడాలి. 2014 లొకార్నో ఉత్సవ పోటీ విభాగంలో ప్రదర్శితమైన ఈ చిత్రంలో ఆమె మరియా అనే ముగ్గురు పిల్లల తల్లి. భర్త ఓడలో పని చేస్తూ నెలల తరబడి సముద్రం మీదే ఉంటాడు. చక్రాల కుర్చీలో ఉన్న తల్లి నడిపే దుకాణం అప్పుల్లో మునిగిపోయిందని, ఆ సంగతి ఏళ్లుగా దాచిపెట్టారని మరియాకు తెలుస్తుంది. సినిమా మొదట్లోనే ఆమె కారును పిచ్చివేగంతో నడుపుతూ, వెనుక మండుతున్న అడవిని వదిలి వెళ్లిపోతుంటుంది.

కథ ముందుకూ వెనక్కూ దూకుతూ, పదేళ్ల కిందటి మరియానూ ఇప్పటి మరియానూ ఒకదాని పక్కన ఒకటి చూపిస్తుంది. చదువు మీద, ప్రేమ మీద, రాబోయే రోజుల మీద అంతులేని ఆశ ఉన్న అమ్మాయి నవ్వుకూ, అప్పుల కాగితాల మధ్య నిలబడ్డ స్త్రీ నవ్వుకూ ఉన్న తేడాను ఆమె మేకప్ మీద వదిలేయదు. మొదటి నవ్వు ఒంటి నిండా పాకుతుంది, రెండోది పెదవుల దగ్గరే ఆగిపోతుంది. తల్లితో గొడవపడే సన్నివేశంలో ఆమె మాటలు ఒకదాని మీద ఒకటి ఎక్కి వస్తాయి, ఊపిరి తీసుకునే చోట కూడా తిట్టు దూరుతుంది. మన ఇళ్లలో ఆస్తి తగాదాల వేళ ఆడవాళ్ల గొంతు ఎలా మారిపోతుందో ఎరిగినవారికి ఆ సన్నివేశం పరాయిదిగా అనిపించదు.

‘ద మిరకిల్ ఆఫ్ ద సర్గాస్సో సీ’ పోలీసు కథా? పేరు చూస్తే సముద్రం కథలా ఉంది.

పోలీసు కథే, కానీ సముద్రానికీ సంబంధం ఉంది. 2019 బెర్లిన్ ఉత్సవంలోని పనోరమా విభాగంలో వచ్చిన ఈ చిత్రంలో పపూలియా ఎలిజబెత్ అనే పోలీసు అధికారిణి. ఏథెన్స్ నుంచి తప్పించి, పశ్చిమ గ్రీసులోని మెసొలొంగి పట్టణానికి పంపేస్తారు. పదేళ్ల తర్వాత చూస్తే తాగుడు, చిరాకు, ఎదిగిన కొడుకు, ఊరి మీద అసహ్యం తప్ప ఆమెకు మిగిలిందేమీ లేదు. ఈల్ చేపల పెంపక కేంద్రంలో పని చేసే రీటా రెండో కథానాయిక. ఆ పాత్ర పోషించిన యూలా బుదాలి ఈ చిత్ర సహరచయిత్రి కూడా. రీటా అన్న మరణంతో ఇద్దరి దారులూ కలుస్తాయి.

మెసొలొంగి గ్రీకులకు పవిత్రమైన పేరు. ఇంగ్లీషు కవి బైరన్ 1824లో మరణించింది అక్కడే, 1826లో ఒట్టోమన్ ముట్టడిని ఛేదించుకుని రావడానికి ఊరి జనం ప్రాణాలకు తెగించింది అక్కడే. ఉప్పునీటి మడుగులు, ఈల్ చేపలు ఆ ఊరి బతుకుతెరువు. ఐరోపా ఈల్ చేపలు గుడ్లు పెట్టడానికి వేల కిలోమీటర్లు ఈది అట్లాంటిక్‌లోని సర్గాస్సో సముద్రానికి చేరతాయి. చిక్కుకుపోయిన నీళ్లలోంచి బయటపడి అంత దూరం వెళ్లగలిగే ఆ చేప ఇద్దరు స్త్రీల కథకూ పోలిక. ఎలిజబెత్‌గా పపూలియా ప్రేక్షకుల సానుభూతిని అడగదు. నోటి దురుసు, నిద్రలేని కళ్లు, లోపల ఇంకా చావని న్యాయబుద్ధి, ఈ మూడింటినీ ఒకే మనిషిలో నమ్మించారు.

‘ద సిటీ అండ్ ద సిటీ’లో కూడా ఉన్నారా?

ఉన్నారు. థెస్సలొనీకి నగరపు యూదుల విషాద చరిత్ర మీద జుమెర్కాస్, క్రిస్తోస్ పసాలిస్ కలిసి తీసిన ఈ చిత్రం 2022 బెర్లిన్ ఉత్సవంలో ప్రదర్శితమైంది. ఇది బృంద నటన మీద నడిచే చిత్రం కాబట్టి ఆమె కోసమే చూడబోయేవారు ఎక్కువ ఆశించకూడదు.

## 2021 నుంచి

‘ప్యాచ్‌వర్క్’ ఏ దేశపు సినిమా?

సైప్రస్ చిత్రం, దర్శకుడు పెత్రోస్ హరలాంబూస్. ఉద్యోగం, మంచి భర్త, చిన్న కూతురు ఉన్నా తల్లితనంలో ఇమడలేని హరా అనే స్త్రీగా పపూలియా నటించారు. తల్లిని దేవతగానో రాక్షసిగానో తప్ప చూపని సినిమాల మధ్య, తన బిడ్డను చూసి భయపడే తల్లిని తీర్పు చెప్పకుండా చూపించడం అరుదు.

‘హ్యూమన్ ఫ్లవర్స్ ఆఫ్ ఫ్లెష్’ చూశాను, ఏమీ అర్థం కాలేదు. అందులో నటించడానికి ఏముంది?

హెలెనా విట్‌మన్ అనే జర్మన్ దర్శకురాలు 16 ఎం.ఎం. ఫిల్మ్ మీద తీసిన ఈ చిత్రం 2022 లొకార్నో పోటీ విభాగంలో ప్రదర్శితమైంది. అయిదుగురు పురుషులున్న ఓడలో నివసించే ఇదా అనే స్త్రీ పాత్ర పపూలియాది. విదేశీయులను చేర్చుకునే ఫ్రెంచ్ సైనిక దళమైన ఫారిన్ లీజియన్ సైనికుల జాడల వెంట మార్సెయ్ నుంచి కోర్సికా మీదుగా అల్జీరియాలోని సిదీ బెల్ అబ్బెస్ వరకు వెళ్లే ప్రయాణం అది. సంభాషణలు తక్కువ, సంఘటనలు ఇంకా తక్కువ. ఇక్కడ నటి చేయవలసింది చూడటం, వినడం. ఆమె దేన్ని ఎంతసేపు చూస్తుందో గమనిస్తూ కూర్చుంటే సినిమా మెల్లగా తెరుచుకుంటుంది. పగటి అలసటతో, రాత్రి పడుకోబోయే ముందు పెట్టుకోవలసిన సినిమా మాత్రం కాదు.

‘సైలెన్స్ 6-9’ ఎవరి సినిమా?

‘బ్లిట్జ్’ నాటక బృందంలో ఆమె సహచరుడైన క్రిస్తోస్ పసాలిస్ దర్శకత్వం వహించి, తానే కథానాయకుడిగా నటించిన చిత్రం. 2022లో కార్లొవీ వారీ చిత్రోత్సవ పోటీ విభాగంలో ప్రదర్శితమైంది. సగం ఖాళీ అయిన ఒక ఊరిలో యాంటెన్నాలు మాయమైన మనుషుల గొంతులను పట్టుకుంటూ ఉంటాయి. ఆ గొంతులు వినబడటానికి ఊరంతా ఆరు నుంచి తొమ్మిది వరకు నిశ్శబ్దం పాటించాలి. ఆ ఊరికి వచ్చిన ఆరిస్, అక్కడే పరిచయమైన అన్నా మధ్య పుట్టే ప్రేమ కథ ఇది. అన్నాగా పపూలియా చాలాసేపు గుసగుసగానే మాట్లాడుతుంది. ‘ఎ బ్లాస్ట్’లో గొంతు చించుకున్న నటి ఈమేనా అని ఆశ్చర్యం కలుగుతుంది.

‘ఆర్కేడియా’ గురించి కథ బయటపెట్టకుండా చెప్పగలరా?

ప్రయత్నిస్తాను. యోర్గోస్ జోయిస్ తీసిన ఈ చిత్రం 2024 బెర్లిన్ ఉత్సవంలో ఎన్‌కౌంటర్స్ విభాగంలో వచ్చింది. కారు ప్రమాదంలో మరణించిన ఒకరిని గుర్తుపట్టడానికి కాతెరీనా, వైద్యుడైన యాన్నిస్ కలిసి జనం లేని ఒక సముద్రతీరపు ఊరికి వెళతారు. యాన్నిస్‌గా వాంగెలిస్ మూరికిస్, కాతెరీనాగా పపూలియా నటించారు. ఊరి బార్ పేరు ఆర్కేడియా. కారు ముందు సీట్లలో పక్కపక్కనే కూర్చున్న ఆ ఇద్దరి నడుమ మొదటి పది నిమిషాల్లో ఎవరి చూపు ఎవరిని చేరుతోందో గమనించండి. రెండోసారి చూసినప్పుడు ఆ పది నిమిషాలు పూర్తిగా వేరే సినిమాలా కనిపిస్తాయి.

## చూడబోయేవారికి

ఆమె సినిమాలు ఏ వరుసలో చూస్తే బాగుంటుంది?

చాలామంది ‘డాగ్‌టూత్’తో మొదలుపెట్టి, సగంలో ఆపేసి, మళ్లీ ఆమె సినిమా ముట్టరు. కథను పట్టుకుని సినిమా చూసే అలవాటు ఉన్నవారికి ‘ద మిరకిల్ ఆఫ్ ద సర్గాస్సో సీ’ మంచి ప్రవేశం, ఎందుకంటే నేర పరిశోధన అనే తెలిసిన దారి ఉంది. దాని తర్వాత ‘ఎ బ్లాస్ట్’. ఆమె గొంతుకూ నడకకూ అలవాటుపడ్డాక ‘డాగ్‌టూత్’, ‘ఆల్ప్స్’ వెంటవెంటనే చూడండి. ‘హ్యూమన్ ఫ్లవర్స్ ఆఫ్ ఫ్లెష్’ను ఆఖరుకు ఉంచండి.

గ్రీకు రాదు. సబ్‌టైటిళ్లతో ఆమె నటన తెలుస్తుందా?

తెలుస్తుంది, అయితే ఒక ఉపాయం చెబుతాను. ముఖ్యమైన సన్నివేశాన్ని మొదట సబ్‌టైటిళ్లతో చూసి, వెనక్కి వెళ్లి, అవి తీసేసి మరోసారి చూడండి. కింది అక్షరాల మీద చూపు ఉన్నంతసేపు ఆమె చేతులను మనం చూడం. ‘డాగ్‌టూత్’ ఆరంభంలో టేప్ రికార్డర్ నుంచి కొత్త మాటల పాఠం వినే సన్నివేశం ఇందుకు అనువైనది. మాటల అర్థం తెలిసిపోయాక, పిల్లలు ఎలా కూర్చున్నారో, ఎవరు ముందు విసుగుపడుతున్నారో కనిపించడం మొదలవుతుంది.

ఇంట్లో అందరితో కలిసి చూడవచ్చా?

వద్దు. ‘డాగ్‌టూత్’లో కుటుంబ సభ్యుల మధ్య లైంగిక సన్నివేశాలు, ఒక పిల్లిని చంపే దృశ్యం, రక్తపాతం ఉన్నాయి. ‘ఎ బ్లాస్ట్’లో నగ్నత్వం ఎక్కువ, ‘ద మిరకిల్ ఆఫ్ ద సర్గాస్సో సీ’లో లైంగిక హింస కథకు కేంద్రంగా ఉంది, ‘ఆర్కేడియా’లోనూ నగ్న దృశ్యాలు ఉన్నాయి. ఇవన్నీ పెద్దల కోసం తీసిన చిత్రాలు. ‘ద లాబ్‌స్టర్’ను హాస్యచిత్రమనుకుని పిల్లల ముందు పెట్టి, కుక్క చనిపోయే చోట హడావిడిగా ఆపవలసి వచ్చిందని ఇద్దరు ముగ్గురు పాఠకులు నాకు రాశారు, కనుక ముందుగా మీరొక్కరే చూసి నిర్ణయించుకోండి.